పర్యవేక్షణ లోపం

కృప మూడో క్యారియర్‌కు మూత బిగిస్తుంటే భర్త జయపాల్ వాళ్ళబ్బాయి ప్రోగ్రెస్ కార్డు తెచ్చి పొయ్యి గట్టు మీద పెట్టాడు.

"సాత్విక్‌కి లెక్కల్లో ముప్పై రెండు. ఊళ్ళో దొంగపిల్లలందరినీ బాగుచేసే ఆఫీసరమ్మ గారి కొడుక్కి! నువ్వు ఇంటిపట్టున ఉంటే ఇలా జరిగేదా?"

కృప సంతకం పెట్టి, కార్డు పిల్లవాడి బ్యాగులో సర్ది, పటమటలో బస్సెక్కింది. జయపాల్ ఇంటర్ కాలేజీలో చెప్పేది లెక్కలే. సాయంత్రం నాలుగున్నరకల్లా ఇంట్లో ఉంటాడు. ఆ మాట ఎన్నిసార్లు నాలుక చివరిదాకా వచ్చిందో! అంటే గొడవ. గొడవైతే అత్తగారు ఫోన్ చేసి, "సర్దుకుపోవాలమ్మా, మగవాడు బయట అలిసిపోయి వస్తాడు" అంటుంది. తనూ బయటినుంచే వస్తుందన్న సంగతి ఆ ఇంట్లో ఎవరికీ గుర్తుండదు.

కృప అబ్జర్వేషన్ హోంలో ప్రొబేషన్ ఆఫీసరు. తప్పుచేసి పట్టుబడిన పిల్లల ఇళ్ళకు వెళ్ళి, ఆ తప్పు ఎందుకు జరిగిందో విచారించి, జువెనైల్ బోర్డుకు రిపోర్టు రాయాలి. పిల్లవాణ్ణి ఇంటికి పంపాలా, హోంలోనే ఉంచాలా అని తేల్చేముందు బోర్డు ఆ రిపోర్టు చూస్తుంది.

ఆ రోజు ఇబ్రహీంపట్నం వెళ్ళింది. పదహారేళ్ళ తౌసిఫ్ ఇద్దరు స్నేహితులతో కలిసి సెల్‌ఫోన్ల షాపు షట్టరు పగలగొట్టాడు. తండ్రి బాజీ థర్మల్ ప్లాంటు బూడిద తోలే లారీకి డ్రైవరు. తల్లి జమాల్ బీ మెస్సులో చపాతీలు చేస్తుంది.

"రాసుకోండి మేడం," అన్నాడు బాజీ మంచం మీంచి లేవకుండానే. "ఆడది పనికని బయటికెళితే పిల్లలు ఇట్టాగే తయారవుతారు." అని, చొక్కా తగిలించుకుని టీకొట్టుకు వెళ్ళిపోయాడు.

జమాల్ బీ కుర్చీ తుడిచి వేసింది.

"పోలీసులు ఎప్పుడొచ్చారమ్మా?" అడిగింది కృప.

"వాళ్ళు రాలేదమ్మా. నేనే తీసుకెళ్ళా."

కృప రాస్తున్న పెన్ను ఆగింది.

"బియ్యం డబ్బాలో మూడు ఫోన్లు కనపడ్డాయి. కొట్టలేదు, తిట్టలేదు. అన్నం పెట్టి, తిన్నాక చెయ్యి పట్టుకుని స్టేషనుకు నడిపించా. దారంతా ఏడ్చాడు. నేనూ ఏడ్చా. చెయ్యి మాత్రం వదల్లేదు. ఆ రోజు ఫోన్లు దాస్తే, రేపు వాణ్ణి ఎక్కడ దాయను?"

అప్పటినుంచీ అత్త ఆమె చేతి నీళ్ళు ముట్టడం లేదట. కన్నకొడుకును పట్టించిందని వీధంతా చెప్పిందట. జమాల్ బీ మాత్రం ములాఖత్ రోజున మెస్సులో సెలవు పెట్టుకుని, రెండు బస్సులు మారి హోంకు వెళుతుంది. కొడుకు పక్కన కూర్చుని పాఠం చదివించుకుంటుంది.

"మీకు చదువొచ్చా?"

"ఎక్కడమ్మా! తప్పు చదివినా నాకు తెలీదు. అయినా నేను వింటుంటే జాగ్రత్తగా చదువుతాడు," అని నవ్వింది.

పదకొండేళ్ళ ఉద్యోగంలో ఇంత ధైర్యం కృప ఎక్కడా చూడలేదు. తనైతే ఏం చేసేది? ఫోన్లు రహస్యంగా ఏ కాలవలోనో పారేసి, భర్తకు తెలియకుండా ఉంటే చాలనుకునేదేమో. చదువు, ఉద్యోగం ఉన్న తనకంటే ఈ మనిషి వెన్ను ఎంత నిటారుగా ఉంది!

ఆఫీసుకొచ్చి రిపోర్టు మొదలుపెట్టింది. 'కుటుంబ నేపథ్యం' దగ్గర వేళ్ళు వాటంతటవే టైప్ చేశాయి: 'తల్లి పనికి వెళ్ళడం వల్ల పర్యవేక్షణ లోపించింది.' ఉద్యోగంలో చేరిన కొత్తలో పై ఆఫీసరు వెంకటకృష్ణారావు గారు నేర్పిన వాక్యం అది. "ఇది రాస్తే బోర్డులో ఎవరూ ప్రశ్నలడగరమ్మా" అనేవారాయన. కృప ఆ వాక్యం మళ్ళీ చదివింది. బాజీ అన్నది ఇదే. పొద్దున జయపాల్ అన్నదీ ఇదే. వాళ్ళు నోటితో అన్నారు. తను ఆఫీసు ముద్ర వేసి మరీ అంది, పదకొండేళ్ళుగా, ఎందరో తల్లుల్ని. తండ్రి గురించి ఎప్పుడూ ఒక్క ముక్కే: 'డ్రైవరు', 'మేస్త్రీ', 'కూలీ'.

ఆ వాక్యం కొట్టేసింది. జమాల్ బీ చేసింది చేసినట్టు రాసింది. బాజీకి ఫోన్ చేసి కొడుకు సంగతులు అడిగింది. తండ్రి ఒక్కసారి కూడా హోంకు రాలేదనీ, కొడుకు ఏ క్లాసో చెప్పలేకపోయాడనీ రాసింది.

విచారణ రోజున బోర్డులో మేజిస్ట్రేటు రిపోర్టు చదివి తలెత్తారు. "తండ్రి గురించి ఇంత వివరంగా ఎప్పుడూ రాయలేదేమండీ మీరు?"

"ఇన్నాళ్ళూ నేను తండ్రుల్ని ఏమీ అడగలేదండి. అది నా తప్పు," అంది కృప.

తౌసిఫ్‌ను తల్లి పూచీ మీద ఇంటికి పంపారు. నెలకు రెండుసార్లు కౌన్సెలింగ్‌కు రావాలి, తల్లీ తండ్రీ ఇద్దరూ.

బయట జమాల్ బీ కృప చేతులు పట్టుకుంది. "ఆయన్ని కూడా రమ్మన్నారంటగా మేడం! వీడు పుట్టి పదహారేళ్ళయింది. వీడి గురించి ఆయన్ని పిలవడం ఇదే మొదలు."

తల్లీకొడుకులు గేటు దాటేవరకూ కృప అక్కడే నిలబడింది. తర్వాత ఆఫీసుకెళ్ళి, బోర్డుకు ఇంకా పంపని ఆరు రిపోర్టులూ బల్ల మీద పరిచింది. ఆరింటిలోనూ అదే వాక్యం. మొదటి ఫైలులో అమలమ్మ అనే తల్లి నంబరు ఒక్కటే ఉంది. కృప ఆ నంబరుకు ఫోన్ చేసింది.

"అమలమ్మగారూ, మీరు రానక్కర్లేదు. బాబు వాళ్ళ నాన్నగారి నంబరు ఇవ్వండి."