చుక్కల మాస్టారు

మూడో ఎక్స్‌రేని లైట్‌బాక్స్ మీద పెట్టి, దానిపైన పల్చని ట్రేసింగ్ షీటు పరిచి, నాలుగు మూలలా టేపు అంటించాడు. పెన్సిలు మొనను గరుకు కాగితం మీద రెండుసార్లు తిప్పాడు. మొనను నోటితో ఊది, గదిలో లైటు ఆర్పాడు. చీకట్లో ఒక తల వెలిగింది. పక్కకి తిరిగి, ఎవరి మాటో వింటున్నట్టున్న తల.

ముప్ఫై ఒక్క ఏళ్ళుగా అతని పని ఇదే. ఆ పంటి ఆసుపత్రిలో పళ్ళు సరిచేసే తీగలు వేయించుకోవడానికి వచ్చే ప్రతి మనిషికీ పక్కనుంచి తల ఎక్స్‌రే తీస్తారు. ఆ నీడల్లో ఎముకల అంచులు పట్టుకుని అతను గీస్తాడు. నుదుటి ఎముక ముక్కు ఎముకను కలిసే చోట ఒక చుక్క. కంటిగూటి కింది అంచున ఒకటి. దవడ మలుపు తిరిగే మూలన ఒకటి, గడ్డం అట్టడుగున ఒకటి. అలా పంతొమ్మిది. చుక్కల్ని గీతలతో కలిపి కోణాలు కొలిచి పంపితే, దోషం పళ్ళదో దవడదో, ఏ పన్ను ఎటు జరపాలో డాక్టర్లు తేలుస్తారు. చుక్క ఒక్క మిల్లీమీటరు పక్కకి పోయినా లెక్కంతా తలకిందులే. ఆసుపత్రిలో అందరికీ అతను చుక్కల మాస్టారు. ఇంట్లో భార్య మాత్రం, "పగలంతా వాళ్ళకి చుక్కలు పెడతారు, ఇంటికొచ్చి నాకు చుక్కలు చూపిస్తారు" అంటుంది.

నిజానికి అతను ఎవరికీ ఏమీ చూపించే మనిషి కాదు. సన్నగా, పొడుగ్గా ఉంటాడు. లైట్‌బాక్స్ మీదికి వంగీ వంగీ మెడ ముందుకు సాగి, వీపు పైభాగం గూని తేలింది. కుడిచేతి మధ్యవేలి మీద పెన్సిలు ఆనేచోట కాయ కాసింది. ఇరవై మూడేళ్ళప్పుడు ఫైళ్ళు మోసే పనికి చేరాడు. ఖాళీ దొరికితే పాత కవర్ల వెనక, బయట కూర్చున్నవాళ్ళ ముఖాలు గీసేవాడు. ఒకరోజు అప్పటి పెద్ద డాక్టరు కంటపడ్డాడు. ఉద్యోగం ఊడిందనుకున్నాడు. ఆయన బొమ్మను తిప్పి తిప్పి చూసి, చేతిలో ఒక పెన్సిలు పెట్టి ఈ గదిలో కూర్చోబెట్టాడు. అంతే. ఇక్కడ నేర్చుకుని వెళ్ళినవాళ్ళలో కొందరు సొంత ఆసుపత్రులు కట్టుకున్నారు. అతనికి మధ్యలో స్టూలు ఒకటి మారింది.

ఇప్పుడు లైట్‌బాక్స్ మీదున్నది పదహారేళ్ళ అమ్మాయి ఎక్స్‌రే. పళ్ళ మధ్య సందులు, కింది దవడ కొంచెం ముందుకు. అలవాటుగా పెన్సిలు ముందు పుర్రె నడుమకి వెళ్ళింది. అక్కడ, మెదడు కింద, గుర్రపు జీను ఆకారంలో చిన్న గుంట ఉంటుంది. ఒంటి ఎదుగుదలని నడిపే శనగగింజంత గ్రంథి ఒకటి అందులో కూర్చుని ఉంటుంది. ఆ గుంటని సెల్లా అంటారు. మొదటి చుక్క దాని నడిమధ్యన పెట్టాలి. తక్కిన కొలతలన్నీ అక్కణ్ణించే.

పెన్సిలు కాగితానికి ఆనకముందే ఆగిపోయింది.

గుంట వెడల్పుగా ఉంది. అడుగు గీత ఒకటి కాదు, రెండు. తీసేటప్పుడు తల ఒరిగి ఉంటే అంచులు ఇలా జంటగా పడతాయి. కానీ అలా అయితే దవడ గీతలు కూడా రెండుగా విడిపోవాలి. భూతద్దం పెట్టి చూశాడు. కుడి దవడ మీద ఎడమ దవడ అచ్చుగుద్దినట్టు పడింది. తల తిన్నగానే ఉంది. పెన్సిలు కింద పెట్టాడు.

వచ్చినవాళ్ళతో మాట్లాడటం అతని పనిలో లేదు. ఇన్నేళ్ళలో మాట్లాడలేదు కూడా. ఇప్పుడు వరండాలోకి వెళ్ళాడు. పళ్ళ అచ్చులు తీయించుకోవడానికి ఆ అమ్మాయి తల్లితో బల్ల మీద కూర్చుని ఉంది.

"అమ్మా, పాపకి తలనొప్పి వస్తూ ఉంటుందా?"

తల్లి కంగారుగా లేచింది. "వస్తుందండీ. చదువు ఎగ్గొట్టడానికి వంక అనుకున్నాను. ఏమన్నా తేడానా?"

"తేడా అని కాదు. రాసుకోవాలి."

"పోయినేడు పళ్ళు కుదురుగానే ఉండేవండీ. ఇప్పుడే ఈ సందులు. చెప్పులూ అంతే, కొన్న మూడు నెలలకే బిగుతు. కాళ్ళు పెరుగుతున్నాయా, చెప్పులు కుంచించుకుపోతున్నాయా అని వాళ్ళ నాన్న ఒకటే నవ్వు."

అమ్మాయి నవ్వలేదు. మంచినీళ్ళకని లేచి వెళుతూ తలుపు అంచుకు భుజం కొట్టుకుంది.

"ఎక్కడ చూస్తున్నావే?"

"చూస్తూనే ఉన్నానమ్మా" అంది ఆ పిల్ల, భుజం రుద్దుకుంటూ.

అతను వెనక్కి వచ్చాడు. ఎడమ దవడ మూలన ఏదో లాగుతున్నట్టుంటే వేలితో నొక్కుకున్నాడు. అప్పుడే భార్య ఫోన్ చేసింది, తిన్నారా అని.

"తింటాను. దవడ కాస్త నొప్పిగా ఉంది."

"లోకంలోవాళ్ళ పళ్ళన్నీ చూస్తారు, మీ పన్ను ఒక్కటి చూపించుకోలేరా?"

"రేపు చూపిస్తాలే."

పెద్ద డాక్టరమ్మ బ్యాగు భుజాన వేసుకుని మీటింగుకి బయల్దేరుతోంది. చదువుకునే రోజుల్లో ఆమెకి చుక్కలు నేర్పింది అతనే. అతను తెచ్చి ఇచ్చిన ఎక్స్‌రేని కిటికీ వెలుగులోకి ఎత్తి చూసింది.

"కాస్త పెద్దదే. కొందరికి అలా ఉంటుంది మాస్టారూ. తల ఒరిగి ఉంటుంది."

"ఒరగలేదు మేడం. దవడలు రెండూ కలిసే పడ్డాయి."

"చుక్కలు మీరు పెట్టండి, జబ్బుల సంగతి మేం చూసుకుంటాం." గట్టిగా అనలేదు, నవ్వుతూనే అంది. "సోమవారం తీగలు మొదలుపెడదాం."

ఇలాంటి మాటకి అతను ఎప్పుడూ, "అలాగే మేడం" అని వెనుదిరిగేవాడు. ఈసారి కదల్లేదు.

"ఈ చుక్క నేను పెట్టలేను మేడం."

"పెట్టలేకపోవడం ఏంటి?"

"మధ్య ఎక్కడో నాకు తెలియడం లేదు."

ఆమె బ్యాగు బల్ల మీద పెట్టింది. ఒకప్పుడు తను పెట్టిన ఇదే చుక్కని అతను విసుక్కోకుండా నలభైసార్లు చెరిపించాడు. తెలియదన్న మాట ఆ నోట ఎన్నడూ వినలేదు. అతని వెంట చీకటిగదికి వచ్చింది. అదే వయసు అమ్మాయిలవి రెండు పాత ఎక్స్‌రేలు తీసి, ఇటొకటి అటొకటి పెట్టాడు. నడుమనున్న దానికేసి ఆమె చాలాసేపు చూసింది.

"పిల్ల ఉందా, వెళ్ళిపోయిందా?"

"వరండాలో ఉంది."

"కంటి డాక్టరుకి ఇప్పుడే పంపిస్తాను. తలకి స్కాను కూడా ఇవాళే." గుమ్మం దగ్గర ఆగింది. "మాస్టారూ, ఇందాక నేనన్న మాట..."

"మీటింగుకి ఆలస్యమవుతుంది మేడం."

ఆమె వెళ్ళాక నాలుగో ఎక్స్‌రే అంటించాడు. పెద్దవయసు మనిషిది, పేచీ లేని ఎముకలు. పంతొమ్మిది చుక్కలూ పెట్టి, కోణాలు కొలిచి, షీటు మూలన తేదీ వేశాడు.

సాయంత్రం బస్సులో కిటికీ పక్క సీటు దొరికింది. ఎండ అడ్డంగా పడి ముందు సీట్లవాళ్ళ ముఖాలు పక్కనుంచి వెలుగుతున్నాయి. ఎవరి దవడ వెనక్కి, ఎవరి గడ్డం ముందుకు అని చూసుకుంటూ పోవడం అతని కాలక్షేపం. మొదటిసారి మాట్లాడినప్పుడు భార్యతో కూడా, "మీ గడ్డం సరిగ్గా కొలతకి ఉంది" అనే అన్నాడు. దాన్ని తలుచుకుని ఆమె ఇప్పటికీ నవ్వుతుంది. మార్కెట్టు దగ్గర సగం బస్సు ఖాళీ అయింది. అతను కళ్ళద్దాలు తీసి ఒళ్ళో పెట్టుకుని, తల కిటికీకి ఆనించాడు.

చివరి స్టాపులో కండక్టరు భుజం తట్టాడు. "పెద్దాయనా, దిగాలి." నిద్ర గాఢంగా పట్టిందనుకుని మళ్ళీ తట్టాడు.

గుండె ఆగిందన్నారు డాక్టర్లు. దవడలో లాగిన నొప్పి దానిదేనన్నారు. "పన్ను అనుకున్నాను, పన్నే అనుకున్నాను" అని అతని భార్య వచ్చినవాళ్ళందరికీ చాలారోజులు చెప్పుకుంది. సంజాయిషీ ఎవరూ అడగలేదు.

ఆ అమ్మాయి తలలో, ఆ గ్రంథి మీద ఉన్నది కాన్సరు కాని గడ్డే. కానీ పెరిగి పెరిగి కంటినరాన్ని నొక్కుతోంది. ఇంకో ఆరు నెలలు ఆలస్యమైతే చూపు దక్కేది కాదన్నారు. ముక్కులోంచి ఆపరేషన్ చేసి తీశారు. నెలన్నర తరవాత తల్లీకూతుళ్ళు వచ్చి, వరండాలో తమను పలకరించినాయన ఎక్కడ అని అడిగితే, పెద్ద డాక్టరమ్మ తనే వాళ్ళని ఆ గదికి తీసుకొచ్చింది. విషయం చెప్పింది. తల్లి చీరచెంగు నోటికి అడ్డం పెట్టుకుంది. అమ్మాయి ఎత్తు స్టూలునీ, ఆరిపోయి ఉన్న లైట్‌బాక్సునీ చూస్తూ నిలబడింది.

కిటికీ ఊచ మీద, ఆ సాయంత్రం వెళ్ళబోతూ అతను ఉతికి ఆరేసిన, లైట్‌బాక్స్ గాజు తుడిచే గుడ్డ, ఎవరూ తీయక, ఊచ వంపులోనే బిరుసెక్కి అలాగే ఉంది.