తడిగుడ్డ

ఎండిన మొక్క ఏది దొరికినా మా బాబాయి దాన్ని అట్టకెక్కించందే ఊరుకోడు. ఉద్యానవనంలో మొక్కల నమూనాలు అతికించే ఉద్యోగం ఆయనది. అందరూ జిగురాయన అంటారు. ఎండుమొక్కలకి తేమ పడదని గదిలోకి మంచినీళ్ల గ్లాసు కూడా రానివ్వడు. మా పిన్ని అదే తోటలో బతికున్న మొక్కలు చూసుకుంటుంది. బాబాయి గదిలో నమూనాలకి పేరు చీటీలు రాసే నేను ఇద్దరి మధ్యా నలుగుతుంటాను.

కనకాంబరాల్లో లేతపసుపు రకమొకటి పిన్నికి ప్రాణం. పదకొండేళ్లు పెంచింది. మొన్నటి వానలకి వేరు కుళ్లి చచ్చిపోయింది. మిగిలింది ఒక ఎండు పూలవెన్ను, దానికి ఆరు కాయలు. ఆ విత్తనం ఇంకెక్కడా లేదు. పొడిగా ఉండేది మా గదొక్కటే కనుక కాగితంలో చుట్టి బాబాయి బల్లమీద పెట్టి వెళ్లింది. ఒక మాట చెప్పి వెళ్తే ఏం పోయేదో.

జ్ఞాపకంగా అతికించమని ఇచ్చిందనుకుని బాబాయి మురిసిపోయాడు. మంచి అట్ట తీశాడు. వెన్ను విరక్కుండా మెత్తబడాలని, అలవాటు ప్రకారం తడిగుడ్డ కప్పాడు; ఆ గదిలోకి ఆయన రానిచ్చే తడి అదొక్కటే.

గుడ్డ కింద టప్పుమంది. కనకాంబరం కాయ తడి తగిలితే పేలుతుందని పెంచేవాళ్లకి తెలుసు, అతికించేవాళ్లకి తెలీదు. కంగారుగా గుడ్డ లాగేసరికి మిగతావీ పేలి, గింజలు గదంతా చెదిరిపోయాయి.

"నీ మొక్కని పదిలంగా ఉంచుదామనుకున్నానే" అన్నాడు బాబాయి, పిన్ని రాగానే.

పిన్ని కొంగు దోపుకుని నేలమీదకి వంగింది. తిట్టినా బాగుండేది. ముగ్గురం మోకాళ్లమీద పాకి తొమ్మిది గింజలు ఏరాం. నాటితే ఒక్కటీ మొలవలేదు. బాబాయికి అన్నం సయించడం మానేసింది. నాకు ఆయన్ని చూస్తే ఏడుపొచ్చేది.

ఓ ఉదయం నేనూ పిన్నీ వెళ్లేసరికి ఆయన కిటికీ దగ్గర నేలమీద కూర్చుని, రాళ్ల మధ్య నెర్రెలోకి తడిగుడ్డ పిండుతున్నాడు. రోజూ అందరికంటే ముందొచ్చి గదిలో ఉన్న నెర్రెలన్నీ తడుపుతున్నాడట.

ఆ నెర్రెలో రెండాకుల మొలక ఉంది.

పిన్ని పక్కనే చతికిలబడి మొలక మొదట్లో వేలితో తాకి చూసింది.

"నీళ్లెక్కువవుతున్నాయండీ. ఇదీ కుళ్లుతుంది" అంది.

గుడ్డ తీసుకుని గట్టిగా పిండి, మళ్లీ ఆయన చేతికే ఇచ్చింది.