ఎగువ మడుగు

ధాత సంవత్సరపు పెద్ద కరువు పోయి రెండేళ్ళయింది. ఆత్మకూరు ఏటి ఒడ్డున ఊరి ఆసామి వెంకటరమణయ్య నీలిమందు తొట్లు కట్టించి, ఆకు నానబెట్టిన కుళ్ళు నీళ్ళను ఏట్లోకే వదిలాడు.

ఆ పొద్దు దూదేకుల మస్తాన్బీ రేవు ఇసుకలో చెలమ తోడితే నల్లటి నీళ్ళు ఊరాయి. చచ్చిన గొడ్డు కంపు. కడవను నేలకేసి కొట్టబోయి, ఇంకో కడవ లేదని గుర్తొచ్చి ఆగింది. ఉత్త కడవతో ఇంటికొస్తే మొగుడు షావలి దూది ఏకుతూ, “ఎగువకు పోయి తెచ్చుకోరాదా” అన్నాడు.

“నీకేం, కూచోని చెప్తావు.”

వెంకటరమణయ్యను తిట్టుకుంటూనే తొట్లు దాటింది. జమ్ము తోసుకుని మలుపు తిరిగేసరికి నోట్లో తిట్టు నోట్లోనే ఉండిపోయింది. రెల్లు తెల్లగా పూసి ఉంది. మడుగు అడుగున ఇసుక మెరుస్తోంది. చిన్న చేపలు ఆమె కాలివేళ్ళను పొడిచి చూశాయి. లకుముకిపిట్ట ఒకటి నీళ్ళమీద నిట్టనిలువునా పడి, చేపతో లేచిపోయింది. మస్తాన్బీ కడవ ముంచడం మరిచి కూర్చుండిపోయింది.

అంత చల్లటి చోట కూడా ఆమె మనసు చల్లబడలేదు, ఇంకా మండింది. కరువుకు ముందు ఊరి రేవూ ఇట్లాగే ఉండేది. దాన్ని మురిక్కాలువ చేస్తుంటే ఎవరూ నోరెత్తలేదు. తానూ ఎత్తలేదు.

నాలుగోనాడు పోతే మడుగు ఒడ్డున గుంజలు పాతి ఉన్నాయి. వెంకటరమణయ్య కొలతలు చెప్తుంటే కూలి వరదయ్య తాడు పట్టుకున్నాడు.

“ఏందయ్యా ఇది?” అంది మస్తాన్బీ.

“కొత్త తొట్లు. ఈడ నీళ్ళు బాగుండాయి.”

“బాగుండే నీళ్ళు కంటబడితే ఓర్చుకోలేవా?”

“నోరు అదుపులో పెట్టుకో. కరువులో నీకు గంజి పోసింది ఎవురు?”

“పోసినావు. ఇప్పుడు ఆ కడుపులోనే కుళ్ళు పోస్తాండావు.”

వంగి ఒక గుంజ పీకి మడుగులోకి విసిరింది. రెండోదీ పీకింది.

“వరదయ్యా, పట్టుకోరా దాన్ని.”

వరదయ్య తాడు కింద పెట్టాడు. “నా బిడ్డకు వారం నుంచి బేదులయ్యా. ఆ రేవు నీళ్ళే తాగినాది” అని ఊరివైపు నడిచాడు.

వెంకటరమణయ్య గుంజలు మళ్ళీ పాతించాడు. మస్తాన్బీ, వరదయ్య పెళ్ళాం దేవకమ్మ కలిసి మళ్ళీ పీకారు. మూడోసారి పాతడానికి అతనికి ఊళ్ళో మనిషి దొరకలేదు.

ఎగువ మడుగు దక్కింది. రేవు మాత్రం దక్కలేదు, పాత తొట్ల కుళ్ళు పారుతూనే ఉంది. దారిలో వెంకటరమణయ్య ఎదురైతే మస్తాన్బీ పక్కకు జరిగేది కాదు. అతనే జరగాల్సి వచ్చేది.