ముక్కు ఊరుకున్న మధ్యాహ్నం

వొంజు ఊరి గుట్ట మీద ఒంటిగది ఇంట్లో మల్‌సుక్ బాలింత. గుమ్మానికి మిరపకాయలు గుచ్చిన గడ్డితాడు కట్టారు. మూడు వారాలు బయటివాళ్ళెవరూ దాన్ని దాటరు, బాలింత బయటి గాలికి రాదు. కిటికీ సందులన్నిటికీ అత్త కాగితాలు అంటించి, గది నేల వేడెక్కడానికి కింది పొయ్యిలో కొత్త బొగ్గుదిమ్మె పెట్టింది.

అది అంటుకోగానే మల్‌సుక్‌కి అగ్గిపుల్ల గీసినట్టు ఘాటు తగిలింది. అత్తకి చెబితే, బాలింతల ముక్కు కుక్క ముక్కని నవ్వి, తనకేమీ రావడం లేదంది. కాసేపటికి మల్‌సుక్‌కీ వాసన పోయింది. బాలింతలకి పెట్టే సముద్రనాచు చారు నిశ్చింతగా తాగి పడుకుంది.

లేచేసరికి తల పగిలిపోతోంది. పాలు చేపి రొమ్ములు రాయిలా ఉన్నా పిల్లవాడు లేవలేదు. అత్త కూడా తల పట్టుకుని, తలనొప్పికి తాగే ముల్లంగి ఊరగాయ నీళ్ళు కావాలని గొణిగింది.

పెళ్ళికి ముందు మల్‌సుక్ ఎండుచేపల కొట్లో పనిచేసేది. పొద్దున కడుపులో తిప్పే కంపు మధ్యాహ్నానికి ఉండేదే కాదు. బస్సెక్కితే మాత్రం జనం దూరంగా జరిగేవాళ్ళు. చేపలు ఎక్కడికీ పోలేదు, ముక్కే చెప్పడం మానేసింది. అది గుర్తొచ్చింది. బొగ్గు విషగాలి కూడా ఎక్కడికీ పోలేదేమో, ఈ గదిలోనే ఉందేమో. కొత్త ముక్కుతో వచ్చి వాసన చూసేవాళ్ళు కావాలి. తాడు దాటి ఎవరొస్తారు?

తనే బయటికెళ్ళి రావాలని తలుపు వైపు పాకింది. అత్త ఆమె లంగా పట్టుకుని ఆపింది.

“ఎక్కడికే? గాలి ఎముకల్లో దూరితే ముసలితనంలో ఎవర్ని తిట్టుకుంటావ్?”

“మిమ్మల్నే తిట్టుకుంటాలే అత్తయ్యా. వదలండి.”

మంచు వాకిట్లో కాసేపు గాలి పీల్చి, తల మళ్ళీ గదిలోకి పెట్టింది. అదే ఘాటు, చెంప మీద కొట్టినట్టు. ఊపిరి బిగబట్టి వెళ్ళి పిల్లవాణ్ణి లాక్కొచ్చింది. తడిగుడ్డలా వేలాడుతున్నాడు. పిలిచింది, పలకలేదు. పెదాల దగ్గర ముక్కు పెట్టింది. పాలవాసన వచ్చింది, చెయ్యి పెడితే ఊపిరి మాత్రం తెలియలేదు. తన ముక్కుని, తన చేతిని, దేన్ని నమ్మాలో తోచలేదు. గుప్పెడు మంచు తీసి వాడి అరికాళ్ళకి రుద్దింది.

చాలాసేపటికి వాడు తుమ్మాడు. ఆ తర్వాత ఏడ్చాడు.

అత్త వెనకాలే పాక్కుంటూ వచ్చి, వాకిట్లో వాంతి చేసుకుంది. మూతి తుడుచుకుని, బాలింత చుట్టూ తన శాలువా కప్పింది.

“గొంతు చించుకుంటున్నాడు. పాలియ్యి. ఇక్కడే ఇయ్యి.”

మల్‌సుక్ ఇవ్వలేదు. రొమ్ము నోట్లో పెడితే ఏడుపు ఆగుతుంది. అప్పుడు బతికున్నాడని ఎలా తెలుస్తుంది?