జాడీ కడుపులో నల్లమట్టి

నేను ఒక ఊరగాయ జాడీని. బంకమట్టిని పిసికి, సారె మీద తిప్పి, బట్టీలో కాల్చి, పైన తేనెరంగు మెరుపు పూసి నన్ను తయారుచేశారు. పాలకొల్లు సంతలో మంగతాయారు నన్ను వేలితో కొట్టి, మోత విని మరీ కొనుక్కుంది. చాలా ఏళ్లు ఆవిడ అటక మీద ఆవకాయను కడుపులో పెట్టుకుని దర్జాగా బతికాను. ఒకనాడు ఆవిడ భర్త సుబ్బరాయుడు నన్ను దింపబోయి గడపకి మోదాడు. అడుగున చిల్లు పడింది. పగలగొట్టింది ఆయన, పనికిరానిదని పేరు నాకు.

దొడ్లోకి వచ్చిపడ్డాను. ఇల్లు కట్టినప్పటి ఇటుకముక్కలు, సిమెంటు పెళ్లలు కలిసిపోయి ఆ నేల గచ్చులా ఉండేది. మంగతాయారు కూతురు హేమలత నెల తప్పిందని తెలిసి వచ్చిన వియ్యపురాలు త్రిపురసుందరి దొడ్డంతా చూసి, "మీకు ఇటుకలు బాగా కాసినట్టున్నాయండీ వదినగారూ" అని నవ్వింది.

మంగతాయారుకి ఒళ్లు మండింది. "సీమంతానికి గుత్తివంకాయ కూర ఈ దొడ్డి కాయలతోనే వండుతానండీ. చూద్దురుగాని" అనేసింది.

ఆ మాటతో నాకు కొత్త ఉద్యోగం వచ్చింది. ఆవిడ కూరగాయల తొక్కలు, ఎండాకులు, పేడ వరుసలుగా నాలో వేసేది. ఎక్కువైన నీరు చిల్లులోంచి జారిపోయేది. అదే దారిన వానపాములు పైకొచ్చి కాపురం పెట్టాయి. ఆ చక్కిలిగింతలకి నేనెంత మురిసిపోయానో చెప్పలేను. కొన్నాళ్లకి నా కడుపులో నల్లగా, పొడిపొడిగా మట్టి తయారైంది. మంగతాయారు రాళ్లు ఏరి, దాన్ని నేలలో కలిపి వంగనారు నాటింది. మొక్కలు నవనవలాడుతూ లేచాయి.

సుబ్బరాయుడికీ సాయం చెయ్యాలనిపించింది. బూజుపట్టిన నిరుటి ఆవకాయను తెచ్చి మొక్కల మొదళ్లలో కుమ్మరించాడు. ఉప్పు ఎంతటిదో ఆ ఇంట్లో తెలిసినదాన్ని నేనొక్కదాన్నే. అంత పెద్ద నోరున్నా మాట లేదు, ఏం చెయ్యను?

మర్నాటికి మొక్కలు తల వాల్చేశాయి. మంగతాయారు ఎర్రటి నూనె చూసి నిలబడిపోయింది.

"ఉప్పూకారం తింటేనే కదే బలం" అన్నాడాయన.

"మొక్కలకి ఆవకాయన్నం పెట్టారన్నమాట. కాస్త నెయ్యి కూడా వెయ్యకపోయారా?" అంది. అంటూనే కళ్లనీళ్లు పెట్టుకుంది.

అది చూసి ఆయన పంచె ఎగ్గట్టి పైమట్టిని ఎత్తిపోశాడు. ఉప్పు లోపలికి దిగిపోయేలా బిందెలకొద్దీ నీళ్లు పారించాడు. నాలో ఉన్నదంతా గీకి మొదళ్లకి వేసి, పైన గడ్డి కప్పాడు. ఖాళీ అయిన నన్ను మంగతాయారు మళ్లీ తొక్కలతో, ఆకులతో నింపుతూ వచ్చింది. కొన్ని మొక్కలు పోయాయి. మిగిలినవి తేరుకుని చిగురేశాయి, ఆపైన ఊదారంగు పూలు పూశాయి. తొలి పిందె కనబడ్డ రోజున మొగుడూపెళ్లాలిద్దరూ దాని ముందు గొంతుక్కూర్చుని పసిబిడ్డను చూసినట్టు చూశారు.

సీమంతం నాడు త్రిపురసుందరి గుత్తివంకాయ మారు వడ్డించుకుంది. తిని, చెయ్యి కడుక్కుని, తిన్నగా దొడ్లోకి వచ్చింది. ఈవిడ ఏం వంక పెడుతుందోనని మంగతాయారు తాంబూలం పళ్లు పట్టుకుని వెనకే నిలబడింది.

"ఆ తాంబూలం పళ్లు ఉండనివ్వండి వదినగారూ. మా మల్లెపాదు పూయక ఏడాదైంది. కాస్త ఈ మట్టి పెట్టిస్తారా?" అంది ఆవిడ. జవాబుకి ఆగకుండా, పట్టుచీర కొంగు దోపి, బంగారు గాజుల చేతిని మోచేతిదాకా నాలో ముంచింది.