పైఅరలో పుస్తకం

సైకాలజిస్టు రహమాన్‌కి ఒళ్లు మండిపోయింది. మనిషి మనసు మీద నాలుగు పుస్తకాలు రాశాడు, అద్దంకిలో వాటిని చదివినవాడు ఒక్కడూ కనబడలేదు. పోయిన నెల నసీమున్నీసా తన కూతురు మెహర్‌ని తీసుకొచ్చి, పరీక్షల భయంతో పిల్ల నిద్రపోవడం లేదంటే, "అంతా ఇందులో ఉంది, చదివించండి" అని కొత్త పుస్తకం చేతిలో పెట్టి పంపాడు. ఇవాళ వాళ్లింటికొచ్చి చూస్తే అది ఆకుపచ్చ గుడ్డలో చుట్టి, అత్తరు పూసి, పైఅరలో పెట్టి ఉంది.

"మీ నాన్నగారు దువా చదివి ఊదిచ్చిన నీళ్లు తాగితే ఊళ్లో జ్వరాలు తగ్గేవండీ. ఆయన కొడుకు ఇచ్చిన పుస్తకాన్ని కింద ఎలా పెడతాం?" అంది నసీమున్నీసా.

"దాచుకోడానికి కాదండీ, చదవడానికిచ్చాను! నాలుగేళ్లు కూర్చుని రాశాను!" అని అరిచాడు.

గుమ్మంలో మిరపకాయల తొడిమలు తీస్తున్న మెహర్ తలెత్తింది.

"అమ్మ పొలం వెళ్లాక తీసి చదివాను సార్, రెండుసార్లు. ఎదుటిమనిషి చెప్పేది ముందు పూర్తిగా వినాలని రాశారు. నాకు పరీక్షల భయమని చెప్పింది అమ్మ. నన్ను మీరు అడగనే లేదు."