బొందలగడ్డ మీద పుస్తకాల ముచ్చట

కిష్టారెడ్డిపేట దాటాక వచ్చే ఆ అపార్ట్‌మెంట్లలో నెలకొక ఆదివారం క్లబ్బుగా కూడి పుస్తకాలు చదివి ఏడుస్తారు. ఉత్తుత్తి ఏడుపు కాదు. కాగితపు రుమాళ్ళలో ముక్కులు చీదుకుని, వాటిని ప్లేట్ల కింద దోపి, వెంటనే సమోసాల మీద పడతారు. కొత్తలో అరుణకు ఈ తంతు ముచ్చటగానే ఉండేది. ఈమధ్య మాత్రం ఆ నూనె వేళ్ళతో పేజీలు తిప్పుతుంటే చూడబుద్ధి కావడం లేదు.

ఆ సభకు పెద్ద సూర్యప్రకాశరావు. ఏదో పెద్ద ఉద్యోగం చేసి రిటైరైన మనిషి. ఆయన దగ్గర నాలుగు గంపలున్నాయి: పోగొట్టుకోవడం, నేనెవరు, మనవాళ్ళు, మళ్ళీ చిగురించడం. లోకంలో అచ్చయిన ఏ పుస్తకమైనా ఈ నాలుగింట్లో ఒకదాంట్లో పడాల్సిందే. నవల పడింది, కవితలు పడ్డాయి, హంతకుడెవరో ఆఖరి పేజీదాకా చెప్పని డిటెక్టివ్ పుస్తకమూ పడింది. పోయిన నెల పిల్లల బొమ్మల కథలో తోక తెగిన బల్లికి కూడా అస్తిత్వ వేదన అంటగట్టి గంటసేపు మాట్లాడాడు. ఆయన నోరు విప్పితే చాలు, పక్కన కూర్చున్న సృజన అనే సాఫ్ట్‌వేర్ అమ్మాయి ఫోను ఎత్తి వీడియో తీస్తుంది.

అరుణ పటాన్‌చెరు మందుల ఫ్యాక్టరీలో ల్యాబు ఉద్యోగి. పుస్తకాలంటే పడి చస్తుంది. ఒక కథ చదివి ఏడ్చిన మనిషి ఎదుటివాడి మీద చెయ్యెత్తలేడని చిన్నప్పటి నుంచీ ఆమె నమ్మకం. ఆ నమ్మకంతోనే ఈ క్లబ్బులో చేరింది. చేరిన రోజే ఎవరో ఏ ఊరని అడిగితే సంగారెడ్డి వైపని చెప్పింది. ఇంటిపేరడిగితే భర్త ఇంటిపేరు చెప్పి, టీ చల్లారుతోందని మాట మార్చింది. ఆనాటి నుంచీ అదే పాట.

నిజానికి ఆమె పుట్టిన వాడ ఈ ప్రహరీ గోడకు అవతల, కూతవేటు దూరంలో ఉంది. తండ్రి చిన్నరాములు ఇప్పటికీ అక్కడే ఉంటాడు. ఒకప్పుడు ఈ చుట్టుపక్కల చేలల్లో కూలి చేసినవాడు, ఇప్పుడు ఒక కంపెనీ గేటు దగ్గర గడ్డి కోస్తాడు. కూతురే ఆయన దగ్గరికి వెళ్ళి వస్తుంది కానీ ఆయన ఈ గేటు దాటి ఎన్నడూ రాలేదు. ఆమె రమ్మననూ లేదు.

అంతకన్నా పెద్ద సంగతి ఇంకొకటుంది. క్లబ్బు వాళ్ళు కూర్చుని ఏడ్చే ఆ హాలు నిలబడింది వాళ్ళ వాడ బొందలగడ్డ మీద. భూమి చేతులు మారినప్పుడు కొన్ని బొందలు తవ్వి ఎముకలు పక్కకు తరలించారు, కొన్నింటిని ఎవరూ పట్టించుకోలేదు. అరుణ అవ్వ అని పిలిచే తల్లి పోశమ్మ హాలు వెనక గోడకూ జనరేటరు గదికీ మధ్యనున్న సందులో అలాగే ఉండిపోయింది. తల్లి దగ్గరుండటానికే ఇక్కడ ఫ్లాటు కొందామని అరుణ భర్తతో చెప్పింది. అందులో సగమే నిజం. మిగతా సగం లిఫ్టూ, రోజంతా వచ్చే నీళ్ళూ, పాత వాడ పేరు అడ్రసులో రాయనక్కర్లేకపోవడమూను.

ఏటా పెత్రమాసకు వాళ్ళ వాడలో చనిపోయిన పెద్దలకు పెడతారు. బతికున్నప్పుడు ఏది ఇష్టమో అది వండి, బొంద దగ్గర విస్తరిలో పెట్టి, కాకి ముట్టేదాకా కనిపెట్టుకుని ఉంటారు. కాకి ముడితే పెద్దలు తిన్నట్టు, ఆ తర్వాతే ఇంట్లోవాళ్ళు తింటారు. గోడ లేచిన నాటి నుంచీ చిన్నరాములు ఆ విస్తరి గోడ అవతల, మురుగు కాలువ పక్కన పెడుతున్నాడు. ఈసారి మాత్రం కూతుర్ని అడిగాడు.

"నువ్వు గా లోపల్నే ఉంటున్నవ్ గద బిడ్డా. ఈ ఒక్కసారి మీ అవ్వ కాడనే పెడ్త."

కాదనడానికి అరుణకు నోరు రాలేదు. తమ వాడవాడే అయిన సెక్యూరిటీ శ్రీశైలంతో మాట్లాడి, వెనక చిన్న గేటు తీయించే ఏర్పాటు చేసింది. పొద్దున్నే వచ్చి పెట్టి, కాకి ముట్టగానే పొమ్మని తండ్రికి మరీ మరీ చెప్పింది. ఎవరి కంటా పడకూడదని చెప్పలేదు గానీ ఆయనకు అర్థమయింది. అయితే పెత్రమాస ఆదివారం నాడు వచ్చి పడటంతో మటన్ కొట్టు ముందు జనం తిరునాళ్ళలా ఉన్నారు. కల్లు గీసేవాడూ చెట్టు ఆలస్యంగానే దిగాడు. చిన్నరాములు సందులో విస్తరి పరిచేసరికి లోపల హాల్లో సభ మొదలైపోయింది.

ఆ నెల పుస్తకం ఒక నవల. ఆనకట్ట కింద తమ పూర్వీకుల సమాధులు మునిగిపోయిన కొండజనం కథ. ఒక ముసలామె నీళ్ళ ఒడ్డున నిలబడి, తన పెనిమిటిని పూడ్చింది ఎటువైపో తెలియక, దోసిట్లో గింజలు పట్టుకుని తిరిగే ఘట్టం సృజన చదివింది. మధ్యలో ఆగి కళ్ళు ఒత్తుకుంది. ధనలక్ష్మి అనే ఆమె వెక్కి వెక్కి ఏడ్చింది. సూర్యప్రకాశరావు కళ్ళద్దాలు తుడుచుకుని, చచ్చినవాళ్ళ చోటు లాక్కోవడం కన్నా పాపం లేదన్నాడు. అందరూ తలలూపారు. ఆయన కుర్చీకి జానెడు వెనక ఉన్న కిటికీలోంచి మటన్ కూర వాసన, అగరొత్తుల పొగ వస్తూనే ఉన్నాయి. అరుణ తేలు కుట్టిన దొంగలా కూర్చుంది.

మొహం కడుక్కుందామని వెనక కుళాయి దగ్గరికి వెళ్ళిన ధనలక్ష్మి పరుగున తిరిగొచ్చింది. ఎవరో చేతబడి చేశారని, అన్నం, మాంసం, పసుపు కుంకుమలు పెట్టారని చెప్పి కుర్చీలో కూలబడింది. అప్పటిదాకా ముసలామె గింజల కోసం కరిగిపోయిన హాలంతా ఒక్కసారి లేచింది.

సందులో పసుపు కుంకుమలు చల్లిన చోట మోదుగాకు విస్తరి. దాని మీద అన్నం, కూర, ఉడకబెట్టిన గుడ్డు, పక్కన ముంతలో కల్లు, పోశమ్మకు ఇష్టమైన తమలపాకు, కాసింత తంబాకు. సృజన చున్నీ ముక్కుకు అడ్డం పెట్టుకుంది. సూర్యప్రకాశరావు దూరం నుంచే దాన్ని చూసి ఉమ్మేశాడు. శ్రీశైలాన్ని పిలిచి, అదంతా చెత్త డ్రమ్ములో పారేయించి ఫినాయిలుతో కడిగించమన్నాడు.

"చేతబడి గాదు సార్. ఇయ్యాల పెత్రమాస. పెద్దలకు పెట్టిండ్రు," అన్నాడు శ్రీశైలం.

"ఇక్కడ పెద్దలెవరున్నారయ్యా?" అని ఆయన కసిరాడు.

జనరేటరు గది చాటున నిలబడ్డ చిన్నరాములు అప్పుడు బయటికి వచ్చాడు. ఉతికిన తెల్ల ధోవతి కట్టుకుని, చేతులు జోడించుకుని వచ్చాడు. ఎవరు రానిచ్చారనీ, ఇక్కడ ఎవరు తెలుసనీ నలుగురూ ఒక్కసారే అడిగారు. ఆయన చూపు గుంపు మీదుగా వెళ్ళి అరుణ దగ్గర ఒక్క క్షణం ఆగింది. వెంటనే నేలకు దిగిపోయింది.

"నాకీడ ఎవ్వరు తెల్వది సారు. అన్నం మాత్రం ఎత్తకుండ్రి. కాకి ముట్టినంక నేనే తీస్త."

 అరుణకు ఈ మనుషుల మీద అసహ్యం ఒక పాలైతే, తన మీద తనకు పుట్టిన అసహ్యం మూడు పాళ్ళు. ఎవరినైతే ఇన్నాళ్ళూ దాచిందో ఆ మనిషే ఇప్పుడు ఆమెను దాస్తున్నాడు. ఆ సంగతి మింగుడు పడేలోపే ఊడ్చే మనిషి వచ్చి చీపురు ఎత్తింది. చీపురు కొస విస్తరి అంచుకు తగిలి నాలుగు మెతుకులు మట్టిలో పడ్డాయి.

"ఆగు. అది మా అవ్వకు పెట్టింది," అంది అరుణ. "మా అవ్వ బొంద ఈడనే ఉంది. ఈయన మా నాయిన."

ఇక తిట్టినా, గేటు దాకా తరిమినా పడటానికి ఆమె సిద్ధపడే ఉంది. రోట్లో తల పెట్టాక రోకటి పోటుకు వెరవడం దేనికి? కానీ వాళ్ళు ఆ మాత్రం మర్యాద కూడా చెయ్యలేదు. మురిసిపోయారు.

సృజన చున్నీ వదిలేసి వచ్చి అరుణను కౌగిలించుకుంది. ఇంత కథ కడుపులో పెట్టుకుని ఎలా ఉన్నారండీ, మనం చదివిన పుస్తకం మీరే కదండీ అని కళ్ళనీళ్ళు పెట్టుకుంది. ఇందాక విస్తరిని చూసి ఉమ్మిన సూర్యప్రకాశరావు ఇప్పుడు చెప్పులు విడిచి దాని ముందు నిలబడ్డాడు. పోగొట్టుకోవడం, నేనెవరు, మనవాళ్ళు, చిగురించడం, నాలుగూ ఒక్క ఆకులో ఉన్నాయని పరవశించాడు. వచ్చే నెల పుస్తకం వద్దట, తండ్రీ కూతుళ్ళే వచ్చి మాట్లాడాలట. ఆ నోటితోనే, వచ్చే ఏడు మాంసమూ కల్లూ లేకుండా పూలు పెట్టుకుంటే అందరికీ బాగుంటుందని కూడా అన్నాడు. అరుణకు ఒళ్ళంతా జిడ్డు పూసినట్టయింది. చీపురే నయమనిపించింది.

ఫోన్లు పైకి లేచాయి. వెలుతురు చాలడం లేదని, పెద్దాయన ఆ ఆకును చేతుల్లోకి తీసుకుని కాస్త ఇటు తిరగాలని సృజన కోరింది. జీవితమంతా ఎవరేది చెబితే అది చేసిన చిన్నరాములు, కాకి ముట్టకుండా కదపకూడదని తెలిసి కూడా, ఎత్తడానికి వంగాడు.

అరుణ ఆయన చెయ్యి పట్టుకుంది. "లేపకు నాయినా."

ఆ తర్వాత గుంపు వైపు తిరిగి, మనుషులుంటే కాకి వాలదనీ లోపలికి పొమ్మనీ చెప్పింది. ఒక్క ఫొటో అని సృజన బతిమాలింది. అరుణ కదలకుండా ఆమె వంకే చూస్తూ నిలబడింది. ఒకరి తర్వాత ఒకరు లోపలికి వెళ్ళారు. పడ్డ మెతుకులు అరుణ ఏరి పక్కన పెట్టింది. తండ్రీ కూతుళ్ళు జనరేటరు గది గోడకు ఆనుకుని కింద కూర్చున్నారు.  కూర ఈ ఏడు మంచిగ కుదిరిందని ఆయన మెల్లగా అన్నాడు.

ప్రహరీ గోడ మీద కాకి వాలింది. మెడ అటూ ఇటూ తిప్పి, కిందికి దూకి, విస్తరి వైపు రెండు గెంతులు వేసింది. చిన్నరాములు ఊపిరి బిగబట్టాడు.

అప్పుడే కిటికీలోంచి సూర్యప్రకాశరావు గొంతు వినిపించింది. మన మధ్యనే ఉన్న ఒక స్త్రీ ఇవాళ తన అస్తిత్వాన్ని వెతికి పట్టుకుందని ఆయన అంటున్నాడు. హాలంతా చప్పట్లు మోగాయి. కాకి లేచి గోడ అవతలికి వెళ్ళిపోయింది.

అరుణ లేచి కిటికీ దగ్గరికి వెళ్ళింది. లోపల సమోసా చేతులన్నీ గాల్లోనే ఆగిపోయాయి. ఆమె కిటికీ ఊచ పట్టుకుని, ఆ హాల్లో ఇన్నాళ్ళూ ఒక్కసారి కూడా మాట్లాడని తన వాడ మాటలో మాట్లాడింది.

"నోరు మూసి కూసోండ్రి జెరసేపు. మా అవ్వ ఇంకా తినలే."